బొమ్మ కింద సంతకం

మదనపల్లె మార్కెట్లో టమాటా పెట్టెలు లారీ ఎక్కుతుంటాయి. అవి ఏ రాష్ట్రానికి పోతాయో, ఎవరింట్లో చారవుతాయో పండించిన రైతుకు తెలీదు. తినేవాళ్లకు ఆ రైతు పేరూ తెలీదు. ఒకప్పుడు విదేశీ పత్రికలకు బొమ్మల కథలు గీసినవాళ్ల పరిస్థితీ ఇదే! అలా పేరు లేకుండా మొదలై, ప్రపంచమంతా గుర్తుపట్టే పాత్రకు రూపమిచ్చిన చిత్రకారుడు కార్లోస్ ఎజ్కెర్రా.

ప్రేమకథలతో మొదలు

ఎజ్కెర్రా 1947 నవంబరు 12న స్పెయిన్‌లోని జారగోసా ప్రాంతంలో, ఇబ్డెస్ అనే చిన్న ఊళ్లో పుట్టారు. నియంత ఫ్రాంకో పాలనలో పెరిగారు. బార్సిలోనా చేరి కౌబాయ్ కథలకూ యుద్ధ కథలకూ బొమ్మలు వేశారు. అప్పట్లో స్పెయిన్ చిత్రకారులు చాలామంది బ్రిటన్ పత్రికలకు పనిచేసేవారు. కథ లండన్‌లో తయారయ్యేది. దాన్ని ఏజెంటు పంపిస్తే వీళ్లు బొమ్మలు గీసి పోస్టు చేసేవారు. పేజీకింతని డబ్బిచ్చేవారు. దాంతో హక్కులన్నీ ప్రచురణకర్తవే. బొమ్మ కింద పేరు ఉండేది కాదు.

ఎజ్కెర్రా కూడా 1973లో ఓ ఏజెంటు ద్వారానే ఆ దారి పట్టారు. తర్వాత హింసకు మారుపేరైన కథలకు బొమ్మలు వేసిన ఈయన, బ్రిటన్‌లో మొదట గీసినవి అమ్మాయిల పత్రికల్లో ప్రేమకథలు! ఆ తర్వాత లండన్ శివారులోని క్రోయిడన్‌కు మకాం మార్చారు. ‘బ్యాటిల్’ పత్రికలో గీసిన ‘మేజర్ ఈజీ’తో పాఠకులకు దగ్గరయ్యారు.

తన బిడ్డ... వేరేవాళ్ల చేతిలో!

‘2000 ఏడీ’ అనే కొత్త వారపత్రిక కోసం రచయిత జాన్ వాగ్నర్ ఓ పాత్రను అనుకున్నారు. పోలీసూ, జడ్జీ, శిక్ష అమలు చేసేవాడూ... ముగ్గురూ ఒక్కడే. పేరు జడ్జ్ డ్రెడ్. నమూనాగా ఓ సినిమా ప్రకటన చూపించారు. అందులో ఉన్నది నల్లతోలు దుస్తుల మనిషి. ఎజ్కెర్రా దానికి భుజకవచాలు, గొలుసులు, జిప్పులు తగిలించారు. అది చూసి వాగ్నర్‌కు స్పెయిన్ సముద్రపు దొంగ గుర్తొచ్చాడట! వెనకాల గీసిన ఆకాశహర్మ్యాలు మరీ కొత్తగా ఉండటంతో కథాకాలాన్నే ఇంకా ముందుకు జరిపి 2099కి తీసుకెళ్లారు.

తీరా 1977 మార్చిలో, రెండో సంచికలో డ్రెడ్ కథ తొలిసారి అచ్చయ్యేసరికి, బొమ్మలు గీసింది మైక్ మెక్‌మాన్ అనే మరో చిత్రకారుడు. రూపమిచ్చిన మనిషికి ఎంత కష్టంగా ఉంటుంది? ఎజ్కెర్రా కోపంతో ‘బ్యాటిల్’కు వెళ్లిపోయారు.

అలిగి కూర్చోలేదు

పని మాత్రం ఆపలేదు. 1978లో వాగ్నర్‌తోనే కలిసి ‘స్ట్రాంటియమ్ డాగ్’ను సృష్టించారు. 1982లో మళ్లీ డ్రెడ్ దగ్గరకొచ్చి ‘అపోకలిప్స్ వార్’ మొత్తం 25 భాగాలకూ తానే బొమ్మలు వేశారు. వారం తప్పకుండా వచ్చే పత్రికకు ఇది చిన్న పని కాదు. తర్వాత అండొర్రా అనే చిన్న దేశంలో ఉంటూ బ్రిటన్‌కూ అమెరికాకూ గీశారు. రాంబో హీరో సిల్వెస్టర్ స్టాలోన్ 1995లో, కార్ల్ అర్బన్ 2012లో డ్రెడ్‌గా తెరకెక్కారు. ఊపిరితిత్తుల క్యాన్సర్ వచ్చాక కూడా ఎజ్కెర్రా కుంచె వదల్లేదు. 2018 అక్టోబరు 1న, డెబ్భై ఏళ్ల వయసులో కన్నుమూశారు. ఈనాటికీ డ్రెడ్ వేసుకునేది ఆయన కుట్టిన దుస్తులే!

మన పిల్లల సంగతి

చందమామలో ‘వపా’, ‘చిత్రా’, ‘శంకర్’ సంతకాలు చూస్తూ పెరిగిన ఇళ్లు మనవి. అయినా పిల్లాడు బొమ్మలేస్తానంటే ‘అవి కూడు పెడతాయా?’ అనేస్తాం. పెడతాయి... లెక్క తెలిస్తే. కుప్పంలో రైలెక్కితే ఒకవైపు బెంగళూరు, ఇంకోవైపు చెన్నై. ఇప్పుడు ఆ రైలు కూడా ఎక్కక్కర్లేదు. ఇంట్లో గీసిన బొమ్మ క్షణాల్లో లండన్ చేరుతుంది. అందుకే గీతతోపాటు ఒప్పందం చదవడమూ నేర్పాలి. హక్కులు ఎవరివి, పేరు వేస్తారా, మళ్లీ అచ్చేస్తే డబ్బిస్తారా... ఇవన్నీ ముందే అడగాలి. మన కాపీరైట్ చట్టం ప్రకారం హక్కుల బదిలీ రాతపూర్వకంగా, సంతకంతో జరగాలి. గడువు రాయకపోతే అది అయిదేళ్లకే పరిమితం.

పుంగనూరులో ఏ పిల్లో నోటుపుస్తకం చివరి పేజీలో పొట్టి ఆవు బొమ్మ గీస్తూ కనిపిస్తే తిట్టకండి. ‘బాగుందమ్మా, కింద నీ పేరు రాయి’ అనండి. ఎజ్కెర్రా తరానికి దొరకనిది ఆ ఒక్క మాటే!