మండువాలో కెమెరా

గోదావరి ఊళ్ళలో ఆ మాట ఎవరూ నేరుగా అనరు. "అమ్మాయికి ఒంట్లో బాగోలేదు" అంటారు, "నరాల బలహీనత" అంటారు. "వైజాగ్ తీసుకెళ్ళారట" అంటే మాత్రం ఇక విడమరచి చెప్పక్కర్లేదు. 1871లో మొదలైన ప్రభుత్వ మానసిక వైద్యశాల ఉన్నది అక్కడే. చెల్లెలి పెళ్ళి కుదిరేదాకా అక్క వెనకగదిలోనే ఉంటుంది. అలాంటి ఇంట్లో పుట్టినవాడే ఆ గది మీద డాక్యుమెంటరీ తీస్తానంటే?

జపాన్‌లో తొమోఆకి ఫుజినో ఆ పని చేశాడు. వైద్యవిద్య చదువుతున్న అక్కకు 1983లో స్కిజోఫ్రీనియా లక్షణాలు కనిపించాయి. తల్లిదండ్రులిద్దరూ డాక్టర్లే. అయినా జబ్బని ఒప్పుకోలేదు, ఇంటి తలుపుకు తాళం వేశారు. ఫుజినో 2001 నుంచి ఇంటికి వెళ్ళినప్పుడల్లా చిత్రీకరించాడు. ఆసుపత్రిలో చేర్చేసరికి జబ్బు బయటపడి పాతికేళ్ళు గడిచాయి. సరైన మందు పడ్డాక ఆమె మూడు నెలల్లో ఇంటికొచ్చింది. 2024లో విడుదలైన ఆ సినిమా పేరుకు అర్థం "ఏం చేసి ఉండాల్సింది?" అని. పాతికేళ్ళకు మూడు నెలలు! ఆ లెక్క తలుచుకుంటే ఇప్పటికీ నాకు గుండె బరువెక్కుతుంది.

మన ఇళ్ళలోనూ కెమెరా చూడవలసింది ఆ తాళాన్నే. మజ్జిగన్నంలో చెప్పకుండా మాత్ర నూరి కలిపే అమ్మ చేయి, చుట్టాలొస్తే మూసుకునే తలుపు, మండువాలో అందరూ ఒక్కసారిగా గొంతు తగ్గించడం. కేకలు చిత్రీకరించడం ఒక్క పూట పని. ఇల్లు దాచుకున్నది కంటబడాలంటే ఏళ్ళు పడుతుంది.

చిత్రీకరించే ముందు అక్కను అడిగారా అంటే, "మతి సరిగ్గా లేనిదాన్ని అడగడమేమిటి?" అని ఇంట్లోవాళ్ళే అంటారు. 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ఈ మాట ఒప్పుకోదు. జబ్బుందని తేలినంత మాత్రాన, తగిన కోర్టు ప్రకటిస్తే తప్ప, మతిస్థిమితం లేని మనిషిగా లెక్కకట్టకూడదు. 24వ సెక్షన్ ప్రకారం వైద్యశాలలో చికిత్స పొందుతున్నవారి ఫొటో గానీ వివరాలు గానీ వారి అనుమతి లేకుండా మీడియాకు ఇవ్వకూడదు. కానీ అది వైద్యశాల సంగతి. ఇంట్లో అన్నం పెట్టేదీ, మందిచ్చేదీ, కెమెరా పట్టేదీ ఒకే కుటుంబం. అక్కడ వద్దనడానికి ఆమెకు చోటేదీ?

గోప్యతకు రెండో వైపూ ఉంది. అమెరికాలో ఒక మానసిక వైద్యశాల మీద ఫ్రెడరిక్ వైజ్‌మన్ తీసిన 1967 నాటి డాక్యుమెంటరీ 'టిటికట్ ఫాలీస్'ను రోగుల గోప్యత పేరిట మసాచుసెట్స్ కోర్టులు 1991 దాకా సాధారణ ప్రజలకు చూపనివ్వలేదు. రోగులతోపాటు వాళ్ళను హింసించిన తీరూ అన్నేళ్ళు మరుగునే ఉండిపోయింది. మన ఇళ్ళలో "పరువు" చేసేదీ ఇదే.

అపర్ణా సన్యాల్ తీసిన 'ఎ డ్రాప్ ఆఫ్ సన్‌షైన్' డాక్యుమెంటరీలో రేష్మా వల్లియప్పన్ తన స్కిజోఫ్రీనియా కథ తానే చెప్పుకుంటుంది. అంత నోరు వెనకగదిలోని అక్కకు ఎవరూ ఇవ్వలేదు. అందుకే ఆమె కుదురుగా ఉన్న రోజు చూసి అడగాలి. కుదురు తప్పిన రోజు తీసింది మళ్ళీ కుదుటపడ్డాక చూపించాలి, ఊరికంటే ముందు, అమ్మానాన్నలకంటే ముందు. ఆమె తీసేయమన్న ముక్క తీసేయాలి, సినిమాకు అదే ప్రాణమైనా సరే.