పీఠముపై నిలిచినది చరిత్రయా, గౌరవమా?

విద్యాలయములో ఒకరి విగ్రహమును నిలుపుట చరిత్రను తెలుపుటయా, వారిని గౌరవించుటయా? దక్షిణాఫ్రికాలోని కేప్‌టౌన్ విశ్వవిద్యాలయములో 2015లో ఈ ప్రశ్న తీవ్రముగా తలెత్తినది.

ఆ విశ్వవిద్యాలయము వెలసిన భూమి సెసిల్ రోడ్స్ ఎస్టేటులోనిది. 1934లో ఆయన కంచు విగ్రహము అచట ప్రతిష్ఠింపబడినది. కాని ఆయన కేప్ కాలనీ ప్రధానమంత్రిగా ఉండగా, 1894లో వచ్చిన గ్లెన్ గ్రే చట్టము ఆఫ్రికనుల భూమిహక్కును కుదించి, కూలికి పోని పురుషులపై పన్ను విధించినది.

2015 మార్చిలో విద్యార్థులు ఉద్యమించిరి. చరిత్రను చెరిపివేయరాదని కొందరు వాదించగా, ఆ విగ్రహము నీడలో చదువుట తమకు అవమానమని నల్లజాతి విద్యార్థులు పలికిరి. సెనేటు, పాలకమండలి చర్చించి తీర్మానించిన పిమ్మట ఏప్రిల్ 9న విగ్రహము తొలగింపబడినది. ఆక్స్‌ఫర్డ్‌లోని ఓరియల్ కళాశాల మాత్రము 2021లో తన రోడ్స్ విగ్రహమును ఉంచి, వివరణ ఫలకమును చేర్చినది.

చరిత్ర గ్రంథాలయమునందును, తరగతిలోను నిలిచియే యుండును. పీఠముపై నిలుపునది గౌరవమే. అల్పసంఖ్యాకుల కళాశాలలో చదువుచున్న మనకు ఈ ఉదంతము ఒక కొలతను చూపుచున్నది. ఏ చిహ్నమును నిలిపినను, తీసినను, దాని ముందు విద్యార్థులందరు తలయెత్తి నడువగలరా యని మనము విచారింపవలెను. వారి మాట విన్న పిమ్మటనే తీర్మానింపవలెను.