ఊరి పక్కన ఫ్యాక్టరీ వస్తోందా? ముందే బోరు నీళ్లు పరీక్ష చేయించండి

ఊళ్లో ఫ్యాక్టరీ పెడతారంటే పిల్లలకు ఉద్యోగాలొస్తాయని సంబరపడతాం. మంచిదే. కానీ అది వదిలే నీళ్లు ఎటు పోతాయో ముందే అడగకపోతే తర్వాత మొత్తుకుని లాభం లేదు. పటాన్‌చెరులో 1970వ దశకంలో మొదలైన పారిశ్రామికవాడ సంగతే చూడండి. రసాయన వ్యర్థాలు నక్కవాగులో కలిసి పొలాలు, బావులు పాడయ్యాయి. 1990లో వ్యవహారం సుప్రీంకోర్టుకెక్కింది. రైతులకు పరిహారం ఇమ్మని కోర్టు చెప్పింది. అయినా డబ్బుతో బావి నీరు మళ్లీ తియ్యబడదు కదా!

రెండు అనుమతులు

1974 నాటి నీటి కాలుష్య చట్టం, 1981 నాటి గాలి కాలుష్య చట్టం ప్రకారం ఫ్యాక్టరీ కట్టకముందు ఒకటి, నడపకముందు మరొకటి, కాలుష్య నియంత్రణ మండలి సమ్మతి తీసుకోవాలి. కాలుష్యం లేని కొన్ని పరిశ్రమలకు మినహాయింపు ఉంది. పంచాయతీ అనుమతి ఒక్కటే చాలదు. రోజుకు ఎన్ని నీళ్లు వదలాలి, ఎంతగా శుద్ధి చేయాలి, ఎక్కడ వదలాలి అన్న షరతులు ఆ సమ్మతిలో ఉంటాయి. ఈ షరతుల రిజిస్టరును మండలి ఉంచాలి. ఆ నీళ్ల వల్ల నష్టపోయే రైతు దాన్ని చూడొచ్చు. చూపకపోతే సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయలు కట్టి దరఖాస్తు పెట్టండి.

సభకు తప్పక వెళ్లండి

పెద్ద పరిశ్రమలు చాలావాటికి ప్రజాభిప్రాయ సేకరణ జరపాలి. నోటిఫైడ్ పారిశ్రామికవాడల్లో పెట్టే వాటిలో కొన్నింటికి ఇది ఉండదు. సభకు కనీసం 30 రోజుల ముందు పత్రికల్లో ప్రకటిస్తారు. కలెక్టరు గానీ ఆయన తరఫు అధికారి గానీ సభ నడుపుతారు. మాట్లాడ్డమే కాదు, కాగితం మీద రాసి కూడా ఇవ్వండి. చివర్లో సభా వివరాలు తెలుగులో చదివి వినిపిస్తారు. మీ మాట రాశారో లేదో అక్కడే చూసుకోండి.

రుజువు మీ చేతిలో ఉండాలి

ఫ్యాక్టరీ నడవకముందే మీ బోరు నీళ్లు, పొలం మట్టి పరీక్ష చేయించి, తేదీ ఉన్న నివేదిక భద్రం చేయండి. లేకపోతే రేపు, 'ఈ నీళ్లు మొదట్నుంచీ ఉప్పువే' అంటారు. అప్పుడు మీ దగ్గర జవాబుండదు. ఏటా ఒకసారి మళ్లీ చేయించి పోల్చి చూడండి.

వాగులో నీటి రంగు మారినా, చేపలు చచ్చినా, పైరు మాడినా ఫొటో తీయండి. మండలి ప్రాంతీయ కార్యాలయానికి రాసిచ్చి రసీదు అడగండి. నమూనాను అధికారులే వచ్చి తీసుకునేలా పట్టుబట్టండి. నోటిమాట ఫిర్యాదు నిలవదు.

అప్పటికీ న్యాయం జరగకపోతే 2010 నాటి చట్టంతో ఏర్పడిన జాతీయ హరిత ట్రైబ్యునల్ ఉంది. మన రెండు రాష్ట్రాల కేసులు చెన్నై బెంచి చూస్తుంది. నష్టపరిహారం అడగడానికి నష్టానికి కారణం మొదట ఏర్పడిన నాటి నుంచి అయిదేళ్లే గడువు. 'చూద్దాంలే' అని కూర్చుంటే ఆ గడువు కాస్తా దాటిపోతుంది.

ఒక్కరుగా వెళ్లేకన్నా వాగు వెంట పొలాలున్న వాళ్లంతా కలిసి సంతకాలు చేసి వెళ్లండి. ఫ్యాక్టరీ వద్దని కాదు, షరతుల ప్రకారం నడవాలనే మనం అడిగేది.