పాల బిల్లులో కనబడని కోత
యాప్ చందాల రద్దు, సొమ్ము వాపసు గూర్చి సభ్యులకు సూచనలు

తెల్లవారకముందే లేచి గేదెను పిండి, కేంద్రమునకు పాలు తెచ్చి, వెన్న శాతము పరీక్ష చేయించుకొని పోసిన పాలకు వచ్చు ప్రతి రూపాయి కష్టార్జితము. పూర్వము పాల బిల్లు సంఘ కార్యాలయములో చేతికి ఇచ్చెడివారు. నేడు అనేక సంఘములలో అది నేరుగా సభ్యుని బ్యాంకు ఖాతాలో జమ అగుచున్నది. ఇది మంచి మార్పే. అయితే ఖాతాలో పడిన సొమ్ము సభ్యునికి తెలియకుండ నెలనెల కొంత బయటకు పోవు దారి కూడ ఒకటి ఏర్పడినది. సెల్‌ఫోనులోని యాప్‌లకు కట్టు చందాయే ఆ దారి.

సినిమాలు, పాటలు, ఆటలు, పిల్లల చదువు, జ్యోతిషము, ఫొటోలకు రంగులద్దుట మొదలగు వాటికి యాప్‌లు కలవు. వీటిలో కొన్ని మొదట ఉచితమనియో, ఒక్క రూపాయి మాత్రమే అనియో చెప్పును. ఆ గడువు ముగిసిన పిదప నెలకు 199, 299 రూపాయలు, లేక అంతకు మించి దానంతట అదే కోతపడును. చిన్న మొత్తమే కదా అని ఊరకుండరాదు. నెలకు 299 రూపాయల వంతున ఏడాదికి 3,588 రూపాయలు. పాలు లీటరు 50 రూపాయలు అనుకొన్నచో ఇది సుమారు 72 లీటర్ల పాల ఖరీదు.

మనము అనుమతి ఇవ్వక సొమ్ము ఎట్లు పోవునని సభ్యులు అడుగుచుందురు. మన సంఘములోని పద్ధతితోనే దీనిని పోల్చి చెప్పవచ్చును. సభ్యుడు దాణా అప్పుగా తీసికొనునపుడు, ఆ బాకీని పాల బిల్లులో మినహాయించుకొమ్మని అంగీకార పత్రము వ్రాసి ఇచ్చును. ఆపైన ప్రతి బిల్లుకు అతనిని మరల అడుగ పనిలేదు. ఫోనులోని 'ఆటోపే' కూడ అటువంటి అంగీకార పత్రమే. మొదటి రోజున ఒక్క రూపాయికి పిన్ నొక్కినపుడే రాబోవు నెలల కోతకు కూడ సంతకము చేసినట్లగును. ఎద్దు ఈనినదనిన గాటికి కట్టివేయుమన్నట్లు, తెర మీద వచ్చిన ప్రతిదానికి 'ఓకే' నొక్కుటయే ఇందుకు మూలము.

మేము ఒక సంఘమును తనిఖీ చేయుచున్నపుడు ఒక సభ్యురాలు తన పాల బిల్లు తక్కువ వచ్చుచున్నదని, కార్యదర్శి వెన్న శాతము తగ్గించి వ్రాయుచున్నాడని ఫిర్యాదు చేసినది. పాల రిజిస్టరును, బిల్లును, ఆమె పాసు పుస్తకమును పక్కపక్కన పెట్టి చూచితిమి. సంఘము జమ చేసిన మొత్తములో ఒక్క పైసా తేడా లేదు. అయితే మూడు మాసములుగా నెలకు 299 రూపాయల వంతున వేరే పేరున కోత ఉన్నది. ఆమె మనుమడు ఒక ఆటల యాప్ వేసికొని, రెండవ కోత తరువాత దానిని ఫోనునుండి తీసివేసినాడు. అయినను మూడవ కోత ఆగలేదు. అది ముందు రోజుననే పడుటచే వెంటనే దరఖాస్తు పెట్టించగా ఆ 299 రూపాయలు తిరిగి వచ్చినవి. మొదటి రెండు మాసముల సొమ్ము రాలేదు. పోయిన సొమ్ము అట్లుండగా, ఏ తప్పు చేయని కార్యదర్శి మూడు నెలలు దొంగ అని మాట పడవలసి వచ్చినది.

దీనినిబట్టి మొదటగా గుర్తుంచుకొనవలసినది, యాప్‌ను ఫోనునుండి తీసివేసినంత మాత్రాన చందా రద్దు కాదు. పాలు పోయుట మానినంతనే దాణా బాకీ మాఫీ కాదు గదా! చందాను విడిగా రద్దు చేయవలెను. ఇందుకు రెండు తలుపులు మూయవలసియున్నది.

1. చందా ఇచ్చిన చోట రద్దు: యాప్ గూగుల్ ప్లే ద్వారా కొన్నదైనచో, 'ప్లే స్టోర్' తెరచి, కుడివైపు పైన ఉన్న తమ గుండ్రని గుర్తును నొక్కవలెను. అందు 'పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్', పిదప 'సబ్‌స్క్రిప్షన్స్' నొక్కినచో నడుచుచున్న చందాలన్నియు కనబడును. అక్కరలేని దానిని ఎంచి 'క్యాన్సిల్ సబ్‌స్క్రిప్షన్' నొక్కి, చివరి వరకు పూర్తి చేయవలెను. అక్కడ ఏమియు కనబడనిచో, ఫోనులో మరియొక జీమెయిల్ ఖాతా ఉన్నదేమో చూడవలెను. ఏ ఖాతాతో కొన్నారో ఆ ఖాతాలోనే చందా కనబడును. ఆపిల్ ఫోను గలవారు 'సెట్టింగ్స్'లో పైన గల తమ పేరును నొక్కి, 'సబ్‌స్క్రిప్షన్స్'లో రద్దు చేయవలెను. కొన్ని యాప్‌లు ఈ స్టోర్లతో సంబంధము లేక నేరుగా సొమ్ము తీసికొనును. వాటిని ఆ యాప్‌లోని తమ ఖాతాలోనే రద్దు చేయవలెను.

2. చెల్లించు చోట రద్దు: ఫోన్‌పే, గూగుల్ పే వంటి చెల్లింపు యాప్‌లో తమ బొమ్మ గల చోట నొక్కి, 'ఆటోపే' అను దానిని తెరువవలెను. మనము ఎవరెవరికి అంగీకారము ఇచ్చితిమో ఆ జాబితా కనబడును. అక్కరలేని దానిని రద్దు చేయవలెను. 'పాజ్' అనగా తాత్కాలికముగా నిలుపుట మాత్రమే, అది రద్దు కాదు. కార్డు ద్వారా ఇచ్చిన అంగీకారమును ఆ కార్డు ఇచ్చిన బ్యాంకు ద్వారా రద్దు చేయించుకొనవచ్చును.

రద్దు చేసినను, అప్పటికే సొమ్ము కట్టిన గడువు తీరువరకు ఆ యాప్ సాధారణముగా పనిచేయును. దానిని చూచి రద్దు కాలేదని కంగారుపడనక్కరలేదు. ఉచిత గడువులో ఉన్నవారు చివరి రోజు వరకు ఆగక రెండు రోజులు ముందుగానే రద్దు చేయుట క్షేమము.

ఇక సొమ్ము వాపసు. రద్దు వేరు, వాపసు వేరు. రద్దు చేసిన వెంటనే పాత సొమ్ము దానంతట అది తిరిగిరాదు, విడిగా కోరవలెను. గూగుల్ ప్లేలో కొన్నదైనచో, సొమ్ము కోతపడిన 48 గంటలలోపు గూగుల్ వారినే వాపసు కోరవచ్చును. ప్లే స్టోర్ వెబ్‌సైటులో తమ ఖాతాలోని కొనుగోళ్ళ జాబితా తెరచి, ఆ కొనుగోలు ఎదుట వాపసు దరఖాస్తు పెట్టవలెను. రసీదు ఈమెయిలులో జి.పి.ఎ. అక్షరములతో మొదలగు ఆర్డరు నెంబరు ఉండును, దానిని వ్రాసి ఉంచుకొనవలెను. 48 గంటలు దాటినచో ఆ యాప్ తయారుచేసిన వారికి వ్రాయవలెను. వారు తమ నియమముల ప్రకారము నిర్ణయింతురు. మన ఎరుకలేకయే ఇతరులు మన ఖాతాతో కొన్నచో 120 రోజులలోపు గూగుల్ వారికి తెలుపవచ్చును. ఆపిల్ వారికి 'రిపోర్ట్ ఎ ప్రాబ్లం' అను వెబ్‌సైటు కలదు.

వాపసు కోరునపుడు ఒక పెద్ద ప్రమాదము పొంచి ఉన్నది. ఇంటర్నెట్టులో వెదకి దొరికిన 'కస్టమర్ కేర్' నెంబరుకు ఫోను చేయరాదు. మోసగాళ్ళు తమ నెంబర్లనే అక్కడ పెట్టుచున్నారు. వాపసు పంపెదమని చెప్పి పిన్ నొక్కుమందురు, లేక మన తెర వారికి కనబడు యాప్ వేసికొనుమందురు. సొమ్ము మనకు వచ్చుటకు పిన్ ఎన్నడును అక్కరలేదు. పిన్ నొక్కిన సొమ్ము పోవునే గాని రాదు. 299 రూపాయల కొరకు పోయి బిల్లు మొత్తము పోగొట్టుకొనరాదు. మోసపోయినట్లు తెలిసిన మరుక్షణమే బ్యాంకుకును, 1930 నెంబరుకును తెలుపవలెను.

చట్టము కూడ సభ్యుల పక్షముననే ఉన్నది. ఇటువంటి ఆటోమేటిక్ కోతకు కనీసము 24 గంటలు ముందుగా ఖాతాదారునకు తెలియజేయవలెనని రిజర్వు బ్యాంకు నియమము. కావున ఫోనుకు వచ్చు సందేశములను చదువక చెరిపివేయరాదు. చందాను రద్దు చేసికొను దారిని దాచిపెట్టుట, కష్టతరము చేయుట వంటి ఎత్తులను 'చందా వల'గా పేర్కొని కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2023 నవంబరు 30న మార్గదర్శకములు వెలువరించినది. అందు ఇట్టి 13 రకముల మోసపు పోకడలు నిషేధింపబడినవి. సంస్థ వారు పలుకనిచో జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫిర్యాదు చేయవచ్చును.

సంఘ పాలకవర్గములకు మా సూచనలు ఇవి. బిల్లు జమ అయిన దినమున చదువురాని సభ్యులకు పాసు పుస్తకములోని జమలను, కోతలను చదివి వినిపించు ఏర్పాటు చేయవలెను. వచ్చు సర్వసభ్య సమావేశమున ఆటోపే జాబితా చూచుకొను విధమును చదువుకొన్న యువకులచే చూపించవలెను. అయితే సహాయము చేయువారు పక్కన నిలిచి చెప్పవలెనే గాని, సభ్యుని పిన్ అడుగరాదు. సభ్యులును తమ పిన్‌ను ఎవరికిని, కార్యదర్శికి సైతము, చెప్పరాదు.

పాలకుండకు చిల్లి పడినదేమో చూచుకొనని గృహిణి ఉండదు. ఈ బిల్లు నుండి ఖాతాను కూడ అంత శ్రద్ధగా చూచుకొనవలెనని సభ్యులందరికి మా మనవి.