వైద్య కళాశాల సీట్లు: న్యాయమైన లెక్క

నీట్ ఫలితములు వెలువడినది మొదలు టెక్కలి, నందిగాం, పలాస ప్రాంతములలో డాక్టరు చదువు కోరు పిల్లలున్న ఇండ్లన్నిటను ఒకటే చర్చ: ఎంత ర్యాంకునకు ఏ కళాశాల వచ్చును? ఈ చర్చలో తరచు తగవుగా పరిణమించు విషయ మొకటి కలదు. రిజర్వేషను వర్గమునకు చెందిన విద్యార్థి అందరితోపాటు పోటీపడి, తన ప్రతిభచేతనే సీటు సంపాదించినచో దానిని ఏ లెక్కలో వేయవలెను? ఈ ప్రశ్నను శ్రోతలతో కలిసి నింపాదిగా విచారింప దలచితిమి.

ముందుగా కొంత పూర్వ చరిత్ర. కులముల వారీగా కళాశాల సీట్లు పంచు మదరాసు ప్రభుత్వపు ఉత్తర్వు చెల్లదని 1951లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఆ సంవత్సరమే రాజ్యాంగమునకు మొదటి సవరణ జరిగి, వెనుకబడిన తరగతులకును, షెడ్యూల్డు కులములకును, తెగలకును ప్రత్యేకమైన ఏర్పాట్లు చేయుటకు ప్రభుత్వములకు అధికారము లభించినది. ఆంధ్రప్రదేశ్‌లో తయారైన వెనుకబడిన తరగతుల జాబితాను 1968లో సుప్రీంకోర్టు త్రోసిపుచ్చగా, 1970లో అనంతరామన్ కమిషను నివేదిక వచ్చినది. దాని ననుసరించిన జాబితాను 1972లో అదే న్యాయస్థానము ఆమోదించినది. నేడు రాష్ట్రములో షెడ్యూల్డు కులములకు 15, తెగలకు 6, వెనుకబడిన తరగతులకు 29 శాతము సీట్లు కలవు. ఉద్దానము తీరమందలి మత్స్యకారులు చేరిన 'ఎ' విభాగమునకు 7 శాతము.

ఇక ఉదాహరణము. లెక్క సులువుగా నుండుటకు కళాశాలలన్నిటిలో కలిపి 100 సీట్లున్న వనుకొందము. వీనిలో 50 అందరికి, 7 'ఎ' విభాగమునకు. మత్స్యకార కుటుంబముల బిడ్డ లిద్దరు 50లోనే స్థానము సంపాదించిరి. అనగా ఆ విభాగమునకు మొత్తము 9. ఆ యిద్దరిలో ఒక బాలికకు అందరి పోటీలో శ్రీకాకుళము కళాశాల వచ్చుచున్నది; తన విభాగములోనైతే 1923లో స్థాపితమైన విశాఖపట్టణపు ఆంధ్ర వైద్య కళాశాల దొరకును. ఆమెను శ్రీకాకుళముతోనే తృప్తిపడు మన్నచో, ఆమెకంటె తక్కువ ర్యాంకు వచ్చిన అదే విభాగపు విద్యార్థికి విశాఖ దక్కును. ఎక్కువ మార్కులు తెచ్చుకొన్నందుకు ఇది శిక్ష కాదా? కావున ఆమెకు విశాఖ సీటు కోరుకొను హక్కు ఉన్నదని 1996లో సుప్రీంకోర్టు నిర్ణయించినది. అయినను ఆమె అందరి పోటీలో నెగ్గినదిగానే లెక్కింపబడును.

చిక్కు ఇక్కడనే వచ్చును. ఆమె విశాఖకు పోగా 'ఎ' విభాగపు ఏడుగురిలో కడపటి వానికి సీటు పోయినది. శ్రీకాకుళములో ఆమె విడిచిన సీటు ఎవరిది? దానిని అందరి జాబితాలో తరువాతి వానికిచ్చినచో ఆ విభాగపు తొమ్మిది ఎనిమిదియగును. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 2001లో జారీచేసిన 550వ ఉత్తర్వు, ఆ సీటును అదే విభాగము వానికి ఈయవలె నన్నది. ఆ ఉత్తర్వుపై న్యాయస్థానములలో వాదములు నడచినవి. బీహారు వైద్య ప్రవేశముల కేసులో 2018లో సుప్రీంకోర్టు చెప్పిన పరిష్కారము కూడ ఇదియే: స్థానము కోల్పోయిన వానికే ఆ సీటు.

"అందరి సీటును తక్కువ ర్యాంకు వాని కిచ్చుట న్యాయమా?" యని అడుగువారు కలరు. అడుగదగిన ప్రశ్నయే. కాని ఆ బాలిక శ్రీకాకుళములోనే చేరియున్నచో ఆ సీటు తరువాతి వానికి వచ్చెడిదా? రాదు. తక్కిన వారికి ముందును 48 సీట్లే, తరువాతను 48 సీట్లే. వారికి పోయిన దేమియు లేదు. సీటును మార్చుకొనుట మాత్రమే జరిగినది. రిజర్వేషను శాతము కనీసపు హద్దే గాని గరిష్ఠపు హద్దు కాదు. ఈ సూత్రమును మరచినచో ప్రతిభావంతులైన బిడ్డల గెలుపే వారి తోటివారికి నష్టముగా మారును.

మూత్రపిండముల వ్యాధితో దీర్ఘకాలముగా బాధపడుచున్న ఉద్దానమున ఇది కేవలము అంకెల ముచ్చట కాదు. పలాసలో 2023 డిసెంబరులో 200 పడకల ఆసుపత్రి తెరువబడినది. పడకలు చాలవు, రోగి పలుకుబడి నెరిగిన వైద్యులును కావలెను. ఆ వైద్యు లీ తీరపు పల్లెలనుండియు రావలె నన్నచో, లెక్కలో ఒక్క సీటైనను జారిపోకుండ చూచుట అందరి బాధ్యత.