అరువదేండ్ల బుద్ధి

"అరవత్తక్కె అరళు మరళు" అని మన ఇరుగుపొరుగు కన్నడిగులు అందురు. అరువది నిండిన మతి తప్పునని దాని భావము. తాతగారు కండ్లజోడు నెత్తిపై నుంచుకొని ఇల్లంతయు వెదకునప్పుడు మనమును అట్లే అనుకొందుము.

1956లో అమెరికాలోని వాషింగ్టన్ విశ్వవిద్యాలయమున డాక్టరు పట్టమునకై కృషి చేయుచుండిన వార్నర్ షాయీ ఈ విషయమును పరిశీలించెను. సియాటిల్ ప్రాంతపు వైద్య సహకార సంఘ మొకదానినుండి 20 మొదలు 70 ఏండ్లవరకు గల 500 మందిని ఎన్నుకొని, మాటల అర్థము, లెక్కలు, తర్కము మున్నగువానిలో పరీక్షలు పెట్టెను. వృద్ధులకు మార్కులు తక్కువ వచ్చెను. సామెతయే గెలిచినట్లు తోచెను.

కాని ఆయన 1963లో వారినే మరల పిలిచెను. 303 మంది వచ్చిరి. అటుపిమ్మట ఏడేండ్లకొకసారి ఈ పరీక్షలు దశాబ్దములపాటు సాగెను. ఎవరి మార్కులను వారి పూర్వపు మార్కులతోనే పోల్చి చూడగా కథ మారినది. వేగముగా చేయవలసిన పనులలో మాత్రము మాంద్యము ముందే కనబడెను. తక్కిన శక్తులు చాలమందికి అరువది దాటువరకు పెద్దగా తగ్గలేదు. మాటల అర్థ మెరుగుట నడివయస్సున పెరిగెను కూడ.

మరి మొదటి లెక్క ఏల తప్పెను? ఆ వృద్ధులు చదివిన బడి వేరు, యువకులు చదివిన బడి వేరు. చదువులోని భేదమును వయస్సుపై మోపుట జరిగినది. బడి మెట్లెక్కని మన అవ్వలను హైస్కూలు చదువుచున్న మనతో ఒకే ప్రశ్నపత్రముపై పోల్చిన ఎంత అన్యాయమగునో ఊహింపవచ్చును.

1980 దాటిన పిమ్మట షాయీ, షెర్రీ విల్లిస్ కలసి 64 ఏండ్లు మించినవారికి అయిదు గంటల శిక్షణ ఇచ్చిరి. మూడింట రెండువంతులమంది మెరుగుపడిరి. అంతకుముందు శక్తి తగ్గినవారిలో నూటికి 40 మంది 14 ఏండ్ల క్రిందటి తమ స్థాయిని మరల అందుకొనిరి.