సెప్సిస్‌లో రక్తపరీక్షలు: అంకెలు చెప్పేదేమిటి, చెప్పనిదేమిటి?



"సెప్టిక్ అయింది" అనే మాట మన ఊళ్ళలో తరచుగా వింటుంటాం. కాలికి ముల్లు గుచ్చుకొని చీము పట్టినా, ఆపరేషన్ కుట్లు పుండు పడినా అదే మాట అంటాం. కానీ వైద్యులు "సెప్సిస్" అన్నప్పుడు దాని అర్థం వేరు. ఎక్కడో ఒకచోట మొదలైన ఇన్ఫెక్షన్‌ను ఎదుర్కొనే ప్రయత్నంలో శరీరం అదుపు తప్పి, తన అవయవాలనే దెబ్బతీసుకొని, ప్రాణం మీదికి తెచ్చుకునే స్థితి అది. 2016లో అంతర్జాతీయ నిపుణులు ఇచ్చిన నిర్వచనం సారాంశం ఇదే.

2017 ఒక్క సంవత్సరంలోనే ప్రపంచమంతటా సుమారు 4 కోట్ల 89 లక్షల మందికి సెప్సిస్ వచ్చిందనీ, దాని వలన 1 కోటి 10 లక్షల మంది చనిపోయారనీ 2020లో "లాన్సెట్" వైద్య పత్రికలో వెలువడిన అంచనా చెబుతోంది. అంటే ఆ ఏడు సంభవించిన ప్రతి 5 మరణాలలో ఒకటి. పసిబిడ్డలు, బాలింతలు, వృద్ధులు, షుగర్ ఉన్నవారు, కేన్సర్ మందులు వాడేవారు దీనికి సులభంగా లోనవుతారు.

ఇటువంటి రోగి ఐ.సి.యు.లో ఉన్నప్పుడు బంధువులు అడిగే ప్రశ్నలు దాదాపు ఒకటే. "డాక్టరుగారూ, రిపోర్టు ఎంత వచ్చింది? నిన్నటికంటె తగ్గిందా? మనిషి దక్కుతాడా?" ఆ అంకె చూసి ధైర్యం తెచ్చుకునేవారు ఉన్నారు. అదే అంకె చూసి ఆశ వదులుకొని, "ఇంటికి తీసుకుపోతాం" అనేవారూ ఉన్నారు. ఒక్క కాగితం మీద ఇంత బరువైన నిర్ణయం ఆధారపడుతున్నప్పుడు, ఆ కాగితంలో ఏముందో అందరూ తెలుసుకోవడం అవసరమని మేము భావిస్తున్నాం.

జీవసూచికలు అంటే ఏమిటి?

శరీరంలో ఏదైనా వ్యాధి ప్రవేశించినప్పుడు రక్తంలో కొన్ని పదార్థాలు పెరుగుతాయి, కొన్ని తగ్గుతాయి. వాటిని కొలిచి వ్యాధిని గుర్తించడానికి, దాని తీవ్రతను అంచనా వేయడానికి వీలుంటుంది. ఇటువంటి పదార్థాలను జీవసూచికలు లేక బయోమార్కర్లు అంటారు. సెప్సిస్ విషయంలో పరిశోధకులు ఇంతవరకు పరీక్షించి చూసినవి తక్కువేమీ కాదు. 2020లో వెలువడిన ఒక సమీక్షలో 258 రకాలు లెక్కకు వచ్చాయి. అయినా "ఇది సెప్సిస్, ఇది కాదు" అని ఒంటరిగా తేల్చి చెప్పగల పరీక్ష వాటిలో ఒక్కటీ లేదు.

నిప్పు లేనిదే పొగ రాదంటారు. పొగ చూసి ఎక్కడో నిప్పుందని గ్రహిస్తాం. కాని కాలుతున్నది ఇల్లా, గడ్డివామా, లేక ఎవరైనా చెత్త తగలబెట్టారా అన్నది పొగ ఒక్కటే చెప్పలేదు. దగ్గరకు వెళ్ళి చూడాలి. జీవసూచికలూ అంతే. వాటిలో వాడుకలో ఉన్న మూడింటిని గురించి చెప్పుకుందాం.

1. సి.ఆర్.పి.

1930లో అమెరికాలోని రాక్‌ఫెల్లర్ ఇన్‌స్టిట్యూట్‌లో టిల్లెట్, ఫ్రాన్సిస్ అనే శాస్త్రజ్ఞులు న్యుమోనియా రోగుల రక్తంలో దీనిని కనుగొన్నారు. ఇది కాలేయంలో తయారయ్యే మాంసకృత్తు. వ్యాధి మొదలైన 6 నుండి 12 గంటలలో పెరగడం ఆరంభించి, సుమారు రెండు రోజులకు గరిష్ఠస్థాయి చేరుతుంది. ఖర్చు తక్కువ, చిన్న ల్యాబులలో కూడా చేస్తారు. అయితే కీళ్ళవాతంలోనూ, క్షయలోనూ, దెబ్బలు తగిలినా, ఆపరేషన్ జరిగినా ఇది పెరుగుతుంది. కనుక సి.ఆర్.పి. ఎక్కువగా ఉన్న ప్రతివారికీ సెప్సిస్ ఉన్నట్టు కాదు.

2. ప్రొకాల్సిటోనిన్ లేక పి.సి.టి.

మన మెడలోని థైరాయిడ్ గ్రంథి కాల్సిటోనిన్ అనే హార్మోనును తయారుచేస్తుంది. దానికి ముందు రూపమే ప్రొకాల్సిటోనిన్. ఆరోగ్యవంతుల రక్తంలో ఇది అత్యల్పంగా ఉంటుంది. తీవ్రమైన బాక్టీరియా ఇన్ఫెక్షన్‌లో మాత్రం థైరాయిడే కాక ఇతర అవయవాలు కూడా దీనిని విడుదల చేస్తాయి. ఈ సంగతిని 1993లో ఫ్రాన్స్ వైద్యులు ప్రకటించారు. కొద్ది గంటలలోనే పెరగడం, వ్యాధి అదుపులోకి వస్తే రోజుకు సుమారు సగం చొప్పున తగ్గడం దీని విశేషం. సాధారణంగా మిల్లీలీటరుకు 0.5 నానోగ్రాముల లోపు ఉంటే తీవ్రమైన బాక్టీరియా వ్యాధి అవకాశం తక్కువనీ, 2 దాటితే ఎక్కువనీ భావిస్తారు.

దీనికీ పరిమితులున్నాయి. పెద్ద ఆపరేషన్లు, కాలిన గాయాలు, తీవ్రమైన ప్రమాదాలు, మూత్రపిండాల వైఫల్యం ఉన్నవారిలో ఇన్ఫెక్షన్ లేకపోయినా ఇది పెరగవచ్చు. పుట్టిన మొదటి రెండు రోజులలో ఆరోగ్యంగా ఉన్న శిశువులో కూడా సహజంగానే పెరుగుతుంది. తీవ్రమైన మలేరియాలోనూ ఎక్కువగా కనిపిస్తుంది.

3. లాక్టేట్

ఇది క్రిములను గురించి చెప్పేది కాదు. అవయవాలు పడుతున్న ఇబ్బందిని చెప్పేది. 1843లో షేరర్ అనే జర్మన్ వైద్యుడు ప్రసూతి జ్వరంతో మరణించిన స్త్రీల రక్తంలో లాక్టిక్ ఆమ్లాన్ని గుర్తించాడు. అంటే ఈ పరీక్ష చరిత్ర బాలింతల సెప్సిస్‌తోనే మొదలైంది. లీటరుకు 2 మిల్లీమోల్‌లు దాటితే జాగ్రత్తపడాలి. తగినంత సెలైన్ ఎక్కించిన తర్వాత కూడా బి.పి. నిలబెట్టడానికి మందులు అవసరమై, లాక్టేట్ 2 దాటి ఉంటే దానిని సెప్టిక్ షాక్ అంటారు. ఫిట్స్ వచ్చినా, కాలేయం చెడినా, ఉబ్బసానికి సాల్బుటమాల్ ఎక్కువగా వాడినా కూడా లాక్టేట్ పెరగవచ్చు.

రిపోర్టు కోసం మందు ఆపకూడదు

అందరూ గుర్తుంచుకోవలసిన విషయం ఇది. 2021 నాటి అంతర్జాతీయ మార్గదర్శకాల ప్రకారం, సెప్టిక్ షాక్ ఉన్నా, సెప్సిస్ అని గట్టిగా అనుమానం ఉన్నా, గుర్తించిన ఒక గంటలోపు యాంటీబయాటిక్ ఇవ్వాలి. షాక్ లేకుండా అనుమానం మాత్రమే ఉంటే త్వరగా పరీక్షించి, అనుమానం తీరకపోతే 3 గంటలలోపు ఇవ్వాలి. మందు మొదలుపెట్టాలా వద్దా అన్నది పి.సి.టి. చూసి నిర్ణయించవద్దని అవే మార్గదర్శకాలు సూచించాయి. ఎందుకంటే తొలి గంటలలో అంకె ఇంకా పెరగకపోవచ్చు. తక్కువగా ఉందని ధైర్యపడి కూర్చుంటే విలువైన సమయం పోతుంది. ఇల్లు కాలుతుండగా బావి తవ్వినట్టు అవుతుంది.

మందు ఇచ్చే ముందు కల్చర్ పరీక్షకు రక్తం తీస్తాం. క్రిమి ఏదో, దానికి ఏ మందు పనిచేస్తుందో ఆ పరీక్ష చెబుతుంది. కాని ఫలితానికి సాధారణంగా రెండు మూడు రోజులు పడుతుంది. అంతవరకు రోగి ఆగలేడు.

మందు ఎప్పుడు ఆపాలి?

పి.సి.టి. నిజంగా ఉపయోగపడేది ఇక్కడే. నెదర్లాండ్స్‌లోని ఐ.సి.యు.లలో 1,500 మందికి పైగా రోగులపై జరిగిన అధ్యయనం 2016లో వెలువడింది. పి.సి.టి. 0.5కు దిగినా, గరిష్ఠస్థాయి నుండి 80 శాతం తగ్గినా యాంటీబయాటిక్ ఆపవచ్చని వైద్యులకు సూచించారు. అలా చేసిన వారిలో మందు వాడకం 7 రోజుల నుండి 5 రోజులకు తగ్గింది. 28 రోజులలో మరణాలు 25 శాతానికి బదులు 20 శాతంగా నమోదయ్యాయి. బ్రిటన్‌లోని 41 ఐ.సి.యు.లలో 2,760 మంది రోగులపై జరిగి 2024లో వెలువడిన అధ్యయనంలోనూ పి.సి.టి. అనుసరించిన వారిలో మందు వాడకం 10.7 రోజుల నుండి 9.8 రోజులకు తగ్గింది. దాని వలన ప్రాణహాని పెరగలేదు. సి.ఆర్.పి. అనుసరించిన వారిలో ఈ ప్రయోజనం కనిపించలేదు.

ఒక రోజు తగ్గితే ఏమిటని అనిపించవచ్చు. అనవసరంగా వాడిన ప్రతి రోజూ క్రిములు మందుకు అలవాటుపడే అవకాశం పెరుగుతుంది. రేపు అదే మందు ఇంకొకరికి పనిచేయకపోవచ్చు. ఖర్చు సంగతి సరేసరి. అయితే మందు ఆపడం వైద్యుల నిర్ణయం. అంకె తగ్గిందని ఇంటివద్ద మీ అంతట మీరు ఆపకండి.

జబ్బు ఎటు పోతోంది?

ఒక ఉదాహరణ చూద్దాం. కాన్పయిన నాలుగవ రోజున ఒక బాలింత జ్వరంతో, ఆయాసంతో వచ్చిందనుకుందాం. లాక్టేట్ 5 ఉంది. యాంటీబయాటిక్, సెలైన్ ఇచ్చి, గర్భసంచిలో మిగిలిన మాయ ముక్కను తీసివేశారు. కొన్ని గంటల తర్వాత లాక్టేట్ 3 అయింది, మూత్రం ధారాళంగా వస్తోంది, పిలిస్తే పలుకుతోంది. 3 అన్నది ఇంకా ఎక్కువే. అయినా ఆమె కోలుకునే దారిలో ఉంది. మరొక రోగికి మొదటే 3 ఉండి, చికిత్స చేస్తున్నా 4 అయితే అది ఆందోళన కలిగించే విషయం. అంకె ఎంత అన్నదానికంటె ఎటు పోతున్నదన్నది ముఖ్యం.

జోస్యం చెప్పడంలో మామూలు పరీక్షలకు కూడా గొప్ప విలువ ఉంది. ప్లేట్‌లెట్లు, క్రియాటినిన్, బిలిరుబిన్, ఆక్సిజన్, బి.పి., స్పృహ, ఈ ఆరింటికి మార్కులు వేసే పద్ధతిని సోఫా స్కోరు అంటారు. అవయవాలు ఎంత దెబ్బతిన్నాయో అది తెలుపుతుంది.

మరొక మాట. సెప్టిక్ షాక్ నిర్వచనం కోసం పరిశీలించిన రోగులలో 100కి 40 మందికి పైగా మరణించారు. ఇది భయంకరమైన సంఖ్యే. కాని అదే లెక్కలో సగానికి మించి బ్రతికారన్నది మరువరాదు. పెరిగిన లాక్టేట్ హెచ్చరిక మాత్రమే, మరణశాసనం కాదు. ఒక్క రిపోర్టు చూసి రోగిని మధ్యలో తీసుకుపోతే, ఆ మిగిలిన అవకాశాన్ని మనమే తీసివేసినట్టవుతుంది. డబ్బు ఇబ్బంది ఉంటే దాచుకోకుండా వైద్యులతో చెప్పండి. ఏ పరీక్ష ఇప్పుడు తప్పనిసరి, ఏది ఆగవచ్చు అని అడిగే హక్కు మీకుంది.

పరీక్ష లేనిచోట ఏం చేయాలి?

చిన్న ఆసుపత్రులలో లాక్టేట్ యంత్రం ఉండదు. అందుకు నిరాశపడనక్కరలేదు. రోగి వేలి కొనను గాజు పలకతో తెల్లబడేవరకు 10 సెకన్లు నొక్కి వదిలితే, 3 సెకన్లలోపు రంగు తిరిగి రావాలి. ఆలస్యమైతే రక్తప్రసరణ చాలడం లేదని అర్థం. దక్షిణ అమెరికాలోని 5 దేశాలలో 424 మంది సెప్టిక్ షాక్ రోగులపై జరిగి 2019లో వెలువడిన అధ్యయనంలో, ఈ వేలి పరీక్షను బట్టి చికిత్స చేసిన వారిలో 34.9 శాతం, లాక్టేట్‌ను బట్టి చేసిన వారిలో 43.4 శాతం మరణించారు. ఈ తేడా కాకతాళీయం కావచ్చుననే సందేహాన్ని లెక్కలు పూర్తిగా తీర్చలేదు. అయినా లాక్టేట్ లేని చోట వేలి పరీక్షను ధైర్యంగా ఆధారం చేసుకోవచ్చని తెలిసింది.

అలాగే రోగి ఒంటిని చూడటం మానరాదు. స్క్రబ్ టైఫస్ మన రాష్ట్రాలలోనూ ఉంది. దానిలో సి.ఆర్.పి. బాగా పెరుగుతుంది. అంకె చూసి మామూలు పెన్సిలిన్ జాతి మందులు ఇస్తే పనిచేయవు. డాక్సీసైక్లిన్ వంటి మందు కావాలి. చంకలోనో, గజ్జలోనో కాలిన మచ్చలాంటి చిన్న నల్లని చెక్కు ఆ జబ్బును పట్టిస్తుంది. ఆ చెక్కును ఏ యంత్రమూ వెతకదు, మనిషే వెతకాలి.

ఇంటివద్ద గమనించవలసినవి

* జ్వరంతోపాటు మతి తప్పి మాట్లాడటం, లేక మగతగా ఉండటం
* వేగంగా శ్వాస తీయడం, ఆయాసం
* రోజంతా మూత్రం రాకపోవడం, లేక బాగా తగ్గిపోవడం
* కాళ్ళు చేతులు చల్లబడి, చర్మం మచ్చలు మచ్చలుగా మారడం
* శిశువు పాలు తాగకపోవడం, ఒళ్ళు చల్లబడటం, నిమిషానికి 60 లేక అంతకుమించి శ్వాసలు
* బాలింతలో జ్వరం, దుర్వాసనతో కూడిన మైల, పొత్తికడుపు నొప్పి

వీటిలో ఏది కనిపించినా తెల్లవారేదాకా ఆగవద్దు. ముందు ల్యాబుకు వెళ్ళి పరీక్ష చేయించుకొని, తర్వాత ఆసుపత్రికి వద్దామని అనుకోవద్దు. వెంటనే 108కి ఫోన్ చేసి దగ్గరలోని ఆసుపత్రికి తీసుకురండి. వాడిన మందుల చీటీలు, పాత రిపోర్టులు వెంట తెండి. "ఇది సెప్సిస్ కావచ్చునా?" అని వైద్యులను, సిస్టర్లను అడగడానికి సంకోచించకండి. ఆ ప్రశ్న వేళకు అడిగితే, రిపోర్టు రాకముందే చికిత్స మొదలవుతుంది.